బొగ్గు నేల మీద పీరీల కొట్టం

పన్నెండేళ్ళ మాట మా గోదావరిఖనిలో వినని మనిషి ఉండడు. బడి ముఖం చూడని పెద్దమనుషులకు కూడా సివిల్ చట్టంలో ఈ ఒక్క ముక్క నోటికి వస్తుంది. "వకీల్ సాబ్, మా గుడి కట్టి యాభై ఏండ్లు దాటె. పన్నెండేండ్లయితే మనదే గదా?" అని అడుగుతూ రిటైరైన కార్మికులు నా దగ్గరికి వస్తుంటారు. మసీదు కమిటీవాళ్ళదీ అదే ప్రశ్న, చర్చి పెద్దలదీ అదే. "ఎన్నేండ్ల సంది ఉన్నరన్నది కాదన్నా, ఎట్ల ఉన్నరన్నది లెక్క" అంటే వాళ్ళ ముఖాలు చిన్నబోతాయి. ఆ లెక్క ఏమిటో, అది ఎక్కడి నుంచి వచ్చిందో, పది మంది కలిసి మొక్కే చోటికి అది ఎందుకు సరిపోదో చెప్పాలని చాలా కాలంగా అనుకుంటున్నాను.

తన భూమి ఇంకొకరి చేతిలో తనకు వ్యతిరేకంగా పడిన నాటి నుంచి 12 ఏళ్ళ లోపు హక్కుదారు దావా వేయాలని 1963 నాటి లిమిటేషన్ చట్టం 65వ ఆర్టికల్ చెబుతుంది. వేయకపోతే 27వ సెక్షన్ కింద ఆయన హక్కే అంతరిస్తుంది. ప్రభుత్వం వేసే దావాకు గడువు 30 ఏళ్ళు. గడువు మీరిన సంగతి ఎదుటి పక్షం ఎత్తకపోయినా జడ్జి తనంత తానే దావా కొట్టేయాలి. 3వ సెక్షన్ అంత కరాఖండిగా ఉంటుంది. ఇంతవరకు మావాళ్ళు విన్నదే. వినని సగం ఏమిటంటే, ఆ స్వాధీనం బాహాటంగా, ఎడతెగకుండా, అసలు యజమానిని కాదంటూ సాగి ఉండాలి; ఎదురు స్వాధీనం అంటే అదే. అనుమతి మీద అడుగుపెట్టినవాడు వందేళ్ళున్నా అనుమతి మీద ఉన్నవాడే. బీజాపూర్ కట్టడాల గురించి కర్ణాటక వక్ఫ్ బోర్డుకూ కేంద్ర ప్రభుత్వానికీ నడిచిన వ్యాజ్యంలో 2004లో సుప్రీంకోర్టు మరో మాట కూడా చెప్పింది. ఈ భూమి మొదటి నుంచీ నాదే అనీ, ఆక్రమించి పన్నెండేళ్ళు దాటింది కాబట్టి నాదే అనీ ఒకే నోటితో రెండూ అనడానికి వీల్లేదు.

మా కోల్‌బెల్టులో గుళ్ళు, మసీదులు, చర్చిలు ఎలా లేచాయో తెలిసినవాళ్ళకు ఈ మాటల బరువు తెలుస్తుంది. 1871లో జియలాజికల్ సర్వేకు చెందిన విలియం కింగ్ ఇల్లందు దగ్గర బొగ్గు కనిపెట్టాడు. 1886లో ఇంగ్లండులో రిజిస్టరైన హైదరాబాద్ దక్కన్ కంపెనీ తవ్వుకునే హక్కు తీసుకుంది. 1920 డిసెంబరు 23న సింగరేణి కాలరీస్ కంపెనీ ఏర్పడింది. 1945లో నిజాం ప్రభుత్వం దాని వాటాల్లో ఎక్కువ భాగం కొన్నది. ఇవాళ 51 శాతం తెలంగాణ రాష్ట్రానిది, 49 శాతం కేంద్రానిది. మా రామగుండం గనులు చాలా తర్వాతివి. 1960 ప్రాంతంలో ఇక్కడ ఇంక్లైన్లు తెరుచుకున్నాయి, వాటి వెంటే గోదావరిఖని అనే ఊరు లేచింది. మా బాపు ఆ రోజుల్లోనే తట్ట, చెమ్మస్ పట్టుకొని బొగ్గు నింపే ఫిల్లరుగా బాయిలో, అంటే గనిలో, దిగినవాడు.

బాయి దగ్గర ముందు మైసమ్మ వెలిసింది. దిగే ముందు మొక్కడానికి ఒక రాయి, దానికి పసుపు కుంకుమ, కొన్నాళ్ళకు చిన్న గద్దె, ఆ తర్వాత గుడి. క్వార్టర్లు వచ్చాక కాలనీకో రాముడి గుడి, పక్క వీధిలో మసీదు, ఇంకో మూల చర్చి. జాగ కంపెనీది, కరెంటు తీగ కంపెనీది, నల్లా పైపు కంపెనీది. మేనేజరు సరేనంటేనే పునాది పడింది. యాభై ఏళ్ళ కింద పుచ్చుకున్న ఆ నోటిమాటే ఇవాళ కోర్టులో పన్నెండేళ్ళ వాదనకు అడ్డం వస్తుంది. అడిగి కట్టుకున్నవాళ్ళు యజమానిని కాదన్నట్టు కాదు. దానికి తోడు, వీధుల్లో, పార్కుల్లో, ప్రజల స్థలాల్లో అనుమతి లేకుండా కొత్తగా ఏ మతం కట్టడమూ లేవకూడదని 2009 సెప్టెంబరు 29న సుప్రీంకోర్టు ఆదేశించింది. పాతవాటి సంగతి ఒక్కొక్కటిగా చూసి తేల్చమని రాష్ట్రాలకు వదిలింది. మా కాలనీ గుళ్ళ కథ ఇంతటితో తేలిపోతుంది. తేలనిది పాత ఊళ్ళది.

కోల్‌బెల్టు చుట్టూ ఉన్న పాత ఊళ్ళలో పీరీల కొట్టం లేని ఊరు అరుదు. మట్టిగోడల ఒంటి గది, పైన గూన పెంకులు. లోపల దూలానికి వేలాడే పెట్టెలో దస్తీల మూటలు, ఆ మూటల్లో పీరీలు. కొన్ని చేతి పంజా ఆకారం, కొన్ని రావి ఆకు ఆకారం. ఏడాదిలో ఎక్కువ కాలం ఆ గదికి తాళమే. మొహర్రం నెలవంక చూసి, కొట్టం చూసుకునే ముజావర్ తాళం తీస్తాడు. పీరీలను కడిగి, గంధం పూసి, కర్రలకు కట్టి, రంగు గుడ్డలు చుట్టి నిలబెడతాడు. ఎదురుగా అలావ అనే నిప్పుల గుంత తవ్వే వంతు ఒక ఇంటిది, మొద్దులు తెచ్చే వంతు మరో ఇంటిది. డప్పు మాదిగవాడ నుంచి వస్తుంది. పీరీని ఎత్తుకునేది తరతరాలుగా ఒక గౌండ్ల ఇల్లో, ముదిరాజుల ఇల్లో. ఆడవాళ్ళు మలీద ముద్దలు, కుడకలు తెచ్చి, ఊదు వేయించుకొని, పిల్లల మెడలో దారం కట్టించుకొని పోతారు. పదో నాడు సవారి, అంటే పీరీల ఊరేగింపు, లేచినప్పుడు ఇంటింటి ముందూ పీరీ ఎత్తినవాళ్ళ కాళ్ళ మీద బిందెలతో నీళ్ళు పోస్తారు. మా వాడలో ఉస్సేనయ్య, పీరయ్య అని పిలిపించుకున్న హిందువులు ఉండేవాళ్ళు. మొక్కుకుంటే పుట్టిన బిడ్డలకు పెట్టుకున్న పేర్లవి. పెద్ద చోట్లలోనూ ఇదే తీరు. వేములవాడ రాజన్న గుడి ప్రాంగణంలోనే దర్గా ఉంది. కోడెను కట్టి మొక్కు తీర్చుకున్న భక్తులు అక్కడా చక్కెర పెట్టి దండం పెట్టుకొని వస్తారు.

ఆ కొట్టం ఎవరిది? ఊళ్ళో అడిగితే ఊరిదంటారు. రెవెన్యూ కాగితంలో అది గ్రామకంఠం, అంటే ఊరి ఇళ్ళ జాగ. 1954 వక్ఫ్ చట్టం కింద సర్వే చేసి ప్రచురించిన జాబితాల్లో మన జిల్లాల ఆశుర్ఖానాలు, అంటే పీరీల కొట్టాలు, చాలా ఎక్కాయి కాబట్టి గెజిట్ చూస్తే అది వక్ఫ్ కావచ్చు. ముజావర్‌ను అడిగితే మా తాత ముత్తాతల నుంచి మేమే చూస్తున్నామంటాడు. నాలుగు మాటలూ నిజమే. గొడవ లేనంత కాలం ఈ నాలుగు నిజాలూ ఒకే గదిలో సర్దుకుని ఉంటాయి. దావా పడిన రోజు ఒక్కటే మిగలాలి.

కాలం గడిస్తే హక్కు పోతుందన్న ఆలోచన తెల్లవాళ్ళు తెచ్చింది మాత్రమే కాదు. తన కళ్ళ ముందే పరులు భూమి అనుభవిస్తుంటే ఇరవై ఏళ్ళు నోరు మెదపనివాడు దాన్ని పోగొట్టుకుంటాడని యాజ్ఞవల్క్య స్మృతి చెప్పింది. చరాస్తికి పదేళ్ళు. వెంటనే మినహాయింపులూ చెప్పింది. తాకట్టు, ఊరి ఎల్లలు, దాచమని ఇచ్చిన సొమ్ము, మతిలేనివాళ్ళది, పసివాళ్ళది, రాజుది, స్త్రీలది, శ్రోత్రియులది ఇలా పోవు. దేవుడి పేరు ఆ జాబితాలో లేదు. కల్యాణి చాళుక్య ఆరో విక్రమాదిత్యుడి కాలంలో, మన కరీంనగర్ నేల కూడా ఆ ఏలుబడిలో ఉన్నప్పుడు, విజ్ఞానేశ్వరుడు ఈ స్మృతికి మితాక్షర అనే వ్యాఖ్య రాశాడు. ఇరవై ఏళ్ళ మౌనానికి పోయేది ఆ భూమి ఫలసాయమే, భూమి కాదని ఆయన సర్దిచెప్పాడు. ఆక్రమణను హక్కుగా మార్చడానికి ఆ పెద్దాయన మనసు ఒప్పలేదని నాకు అనిపిస్తుంది. 13వ శతాబ్దంలో మూలఘటిక కేతన దీన్నే విజ్ఞానేశ్వరము పేరుతో తెలుగు పద్యాల్లోకి తెచ్చాడు. ధర్మశాస్త్రాన్ని తెలుగులో చదువుకునే వీలు మనకు అంత తొందరగా వచ్చింది.

గుడి మాన్యాలను కాపాడటానికి ఆ కాలంవాళ్ళు నమ్ముకున్నది గడువులను కాదు, శాపాన్ని. ఇచ్చిన భూమిని లాక్కున్నవాడు అరవై వేల ఏళ్ళు మలంలో పురుగై పుడతాడని శాసనాల చివర చెక్కించారు. అరవై వేల ఏళ్ళ శాపం ఉన్న చోటికి 12 ఏళ్ళ గడువు వచ్చింది.

1859లో బ్రిటిష్ ఇండియాకంతటికీ కలిపి తొలి లిమిటేషన్ చట్టం చేశారు. దాన్ని మార్చి మార్చి 1908కి తెచ్చారు. నిజాం రాజ్యానికి వేరే చట్టం ఉండేది; భారత చట్టం 1951లో ఇక్కడికి వచ్చింది. 1908 చట్టంలో 10వ సెక్షన్ ఒక రక్ష. ధర్మకర్త చేతిలో పెట్టిన ఆస్తిని ఆయనే మింగితే, ఎన్నేళ్ళు గడిచినా తిరిగి రాబట్టవచ్చు. 1921లో విద్యావారుథి తీర్థ కేసులో ప్రివీ కౌన్సిల్ ఆ రక్షను తొలగించినంత పని చేసింది. మఠాధిపతి గానీ వక్ఫ్‌ను చూసుకునే ముతవల్లీ గానీ ఇంగ్లిష్ న్యాయం చెప్పే ధర్మకర్తలు కారనీ, కాబట్టి ఆ సెక్షన్ వాళ్ళకు అంటదనీ తీర్పు. మఠాలవాళ్ళు, దర్గాలవాళ్ళు అమ్ముకున్న భూములకు గడువు మీరిపోయే ప్రమాదం వచ్చింది. 1929లో చట్టం సవరించి హిందూ, ముస్లిం, బౌద్ధ ధర్మాదాయాలను మళ్ళీ ఆ సెక్షన్ కిందికి చేర్చారు. 1963 చట్టంలోనూ ఆ మాట ఉంది. అయితే అది ఇంటి దొంగల కోసం పెట్టిన సెక్షన్. బయటివాడు వచ్చి కూర్చుంటే కాపాడదు.

బయటివాడి సంగతి లాహోరులో తేలింది. 1722లో వక్ఫ్ చేసిన మసీదు ఒకటి 1762 నుంచి సిక్కుల చేతిలో ఉంది. అదే షహీద్‌గంజ్. 1935లో దాన్ని కూల్చినప్పుడు పెద్ద అలజడి రేగి, వ్యాజ్యం ప్రివీ కౌన్సిల్ దాకా వెళ్ళింది. 1940లో తీర్పు వచ్చింది. మసీదు భూమికీ లిమిటేషన్ వర్తిస్తుంది, పన్నెండేళ్ళు ఎప్పుడో దాటాయి, హక్కు పోయింది అన్నారు. మసీదు తానే ఒక వ్యక్తిగా దావా వేయలేదని కూడా అన్నారు. స్వాతంత్ర్యం తర్వాత వక్ఫ్ ఆస్తులకు 1959లో ప్రత్యేక చట్టంతో గడువు పెంచారు. 1995 వక్ఫ్ చట్టం 107వ సెక్షన్‌తో ఆ దావాలకు గడువే లేకుండా చేశారు. 2025 సవరణ ఆ 107ను తీసేసింది. ఆ సవరణలోని కొన్ని క్లాజులను 2025 సెప్టెంబరు 15న సుప్రీంకోర్టు నిలిపివేసింది గానీ దీన్ని ఆపలేదు. ఒక మతానికి గడువు లేదు, ఇంకో మతానికి ఉంది అన్న తేడా పోవాలన్న వాదనను నేను కాదనను. ఆ తేడాను పోగొట్టే తీరు మాత్రం తలకిందులైంది. గుడి మాన్యాలకూ ఆ రక్షణే ఇచ్చి సమానం చేయాల్సింది పోయి, ఉన్న రక్షణ తీసేసి సమానం చేశారు. ప్రజలకు అంకితం చేసిన ఆస్తుల మీద ఎదురు స్వాధీనంతో హక్కు పుట్టకూడదనీ, ఆ సంగతి లిమిటేషన్ చట్టంలోనే రాస్తే మంచిదనీ 2019 ఆగస్టులో రవీందర్ కౌర్ గ్రేవాల్ కేసులో సుప్రీంకోర్టే అన్నది.

గెజిట్ గడువు కూడా ఒకటుంది. వక్ఫ్ జాబితాలో చేర్చింది తప్పని చెప్పాలంటే ప్రచురించిన ఏడాది లోపు దావా వేయాల్సి ఉండేది. ఆ ఏడాది గడువు వక్ఫ్‌తో ఏ సంబంధమూ లేని బయటివాళ్ళను కట్టదని 1978లో రాజస్థాన్ వక్ఫ్ బోర్డుకూ రాధాకిషన్‌కూ మధ్య కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. 2013లో ఆ మాటలు మారాయి, 2025లో గడువు రెండేళ్ళయింది. ఆ రాధాకిషన్ తీర్పు చదివినప్పుడు నాకు పీరీ ఎత్తుకునే మనిషి గుర్తొస్తాడు. తాత నుంచి తండ్రికి, తండ్రి నుంచి తనకు ఆ పని వచ్చిన గౌండ్లాయన ఆ కొట్టానికి బయటివాడా? 1995 చట్టం నిర్వచనాల్లోకి వెళ్తే, ప్రార్థనా స్థలంలో మొక్కే హక్కు గానీ మతకర్మ జరిపే హక్కు గానీ ఉన్నవాళ్ళు ఆ వక్ఫ్‌తో సంబంధం ఉన్నవాళ్ళే. ఆ నిర్వచనాన్ని పట్టుకొని కోర్టులో నిలబడటానికి ఆయనకు కావలసిందల్లా, ఆ పని ఆయన ఇంటిదేనని చెప్పే ఒక కాగితం. మన ఊళ్ళలో లేనిది అదే.

ఇక అయోధ్య. 2019 నవంబరు 9 నాటి తీర్పులో రామజన్మభూమి గురించి అందరూ చదివారు, గడువుల గురించి చదివినవాళ్ళు తక్కువ. 1949 డిసెంబరు 22 రాత్రి దాటాక విగ్రహాలు మసీదు లోపలికి చేరాయి. 29న మేజిస్ట్రేటు జప్తు ఉత్తర్వు ఇచ్చాడు. జనవరి 5న రిసీవరు స్వాధీనం చేసుకున్నాడు. నిర్మోహీ అఖాడా దావా 1959 డిసెంబరు 17న పడింది. అది పూజ, నిర్వహణ హక్కుల దావా, దానికి 1908 చట్టంలో గడువు ఆరేళ్ళు. గడువు మీరిందని కొట్టేశారు. సున్నీ వక్ఫ్ బోర్డు 1961 డిసెంబరు 18న వేసింది. పన్నెండేళ్ళు నిండడానికి నాలుగైదు రోజులే మిగిలున్నాయి, కాబట్టి గడువులోనే ఉందన్నారు. దేవుడు నిత్య బాలుడు, ఆయన మీద కాలం నడవదన్న వాదన కూడా వచ్చింది. గడువుల విషయంలో దాన్ని కోర్టు ఒప్పుకోలేదు. దేవుడి తరఫున 1989లో పడిన దావాను వేరే కారణాల మీద గడువులో ఉన్నట్టు తీసుకుంది.

నన్ను ఆపేసింది ఆ తర్వాతి భాగం. 1856–57లో బ్రిటిష్‌వాళ్ళు మధ్యలో ఇనుప కటకటాలు కట్టారు. లోపలి ఆవరణలో నమాజు, బయట రామ చబూత్రా మీద పూజ. అంతకు ముందు ఒకే ఆవరణలో ఇద్దరూ మసిలారు. కోర్టు అడిగిన ప్రశ్న, ఎవరి స్వాధీనం ఎవరిని పూర్తిగా దూరం పెట్టింది అని. బయటి ఆవరణ అడ్డు లేకుండా హిందువుల చేతిలో ఉందని తేల్చింది. లోపలిది తమ ఒక్కరిదే అని ముస్లింలు చూపలేకపోయారని తేల్చింది. తీర్పు మంచిచెడ్డలు పక్కన పెడదాం. ఆ ప్రశ్న మాత్రం అలాంటి దావాలన్నిటిలోనూ అదే. ఎదురు స్వాధీనం మీద నిలబడేవాడు నేను వాళ్ళను రానివ్వలేదని సాక్ష్యం పెట్టాలి. మేమూ వాళ్ళూ కలిసి మొక్కేవాళ్ళం అని నిజం చెప్పినవాడి దావా ఆ మేరకు బలహీనపడుతుంది. మా ముజావర్ కోర్టుకెక్కితే గౌండ్లాయనను పరాయివాడనాలి. గౌండ్లాయన ఎక్కితే ముజావర్‌ను కూలివాడనాలి. ఇద్దరూ అబద్ధమాడితే తప్ప ఒక్కరూ గెలవరు.

ఇంకో దారి లేకపోలేదు, అదీ బొగ్గు నేల మీదే దొరికింది. జార్ఖండ్‌లోని గిరిడీ కూడా బొగ్గు జిల్లానే. అక్కడి పారస్‌నాథ్ కొండ జైనులకు మహాక్షేత్రం, 24 మంది తీర్థంకరుల్లో 20 మంది మోక్షం పొందిన చోటు. ఆ కొండను శ్వేతాంబరులు పాల్గంజ్ రాజా నుంచి కొనుక్కున్నారు. దిగంబరులు అనాదిగా అక్కడ మొక్కుతున్నారు. గుళ్ళలో పాదముద్రలే పూజామూర్తులు. కొన్ని గుళ్ళలో శ్వేతాంబరులు వేళ్ళు, గోళ్ళతో సహా కనిపించే పాదాలను ప్రతిష్ఠించారు. అవి తమ పూజకు పనికిరావని దిగంబరులు దావా వేశారు. ఎప్పుడో పెట్టిన పాదాలు, గడువు దాటిపోయిందన్నది ఎదుటి వాదన. 1933లో హుకుంచంద్ కేసులో ప్రివీ కౌన్సిల్ ఒప్పుకోలేదు. పూజకు అడ్డు తగలడం ఒక రోజుతో ముగిసే తప్పు కాదు, అడ్డు ఉన్నన్నాళ్ళూ ఏ రోజుకారోజు కొత్త తప్పే అన్నది. ఇవాళ్టి చట్టంలో అది 22వ సెక్షన్. అంటే నేల ఒకరిది, మొక్కు ఇద్దరిదీ అన్న తీర్పు తొంభై ఏళ్ళ కిందే ఉంది. అయోధ్యలో నిర్మోహీ అఖాడా దీన్నే పట్టుకుంది గానీ, మనిషిని పూర్తిగా బయటికి నెట్టేశాక ఆ తప్పు అక్కడితో పూర్తయినట్టే అని కోర్టు అన్నది. కాబట్టి ఈ దారి తెరిచి ఉండేది కలిసి మొక్కడం ఇంకా సాగుతున్న చోటనే. కలిసి మొక్కే చోట్ల గురించి నా దగ్గరికి ఎవరొచ్చినా, యాజమాన్యం అడగొద్దు, మొక్కే హక్కు అడగండి అని చెబుతాను.

మా దగ్గర ఆ హక్కుకు అసలు గండం పక్కింటి మతం నుంచి రాదు, నేలను పై నుంచే తవ్వే ఓపెన్‌కాస్టు (ఓసీ) నుంచి వస్తుంది. భూగర్భ గని ఉన్నంత కాలం ఊరు పైన ఉండేది, బాయి కింద ఉండేది. రోడ్డుకో రైలు పట్టాకో ఇతరుల కట్టడానికో 45 మీటర్ల లోపల తవ్వాలంటే 1957 బొగ్గు గనుల నిబంధనల ప్రకారం ముందు అనుమతి కావాల్సి ఉండేది. ఓసీ వచ్చాక ఊరే లేవాలి. భూమి తీసుకోవడానికి రెండు దారులున్నాయి. ఒకటి మామూలు భూసేకరణ చట్టం, రెండోది 1957 నాటి బొగ్గు భూముల సేకరణ చట్టం. రెండో దారిలో 4వ సెక్షన్ కింద మొదటి నోటిఫికేషన్, 7వ సెక్షన్ కింద సేకరిస్తామన్న నోటిఫికేషన్, 9వ సెక్షన్ కింద ప్రకటన. 10వ సెక్షన్‌తో భూమి ఏ భారమూ లేకుండా కేంద్రానికి చెందుతుంది, 11తో కంపెనీకి వెళ్తుంది. ఏ భారమూ లేకుండా అంటే అప్పు, తాకట్టు, దారి హక్కు, మొక్కే హక్కు, పన్నెండేళ్ళ లెక్క అన్నీ ఆ ఒక్క రోజుతో సరి.

ఇళ్ళకూ కట్టడాలకూ విలువ కట్టడానికి వచ్చిన సిబ్బంది చేతిలోని పట్టిక ఒకటి నేను దగ్గరగా చూశాను. ఊరి పేరు రాయను. వరుస నంబరు, సర్వే నంబరు, కట్టడం తీరు, కొలతలు, గోడ, పైకప్పు, యజమాని పేరు, సంతకం. హనుమాన్ గుడి వరుసలో కమిటీ పేరు ఉంది. మసీదు వరుసలో కమిటీ పేరు ఉంది. పోచమ్మ గుడి దగ్గర సర్పంచ్ సంతకం. పీరీల కొట్టం వరుసలో మట్టిగోడ, పెంకు, పొడవు, వెడల్పు అన్నీ నిండాయి. యజమాని గడిలో ఒక గీత. విలువ గడిలో ఉన్నది ఒక గొడ్ల కొట్టానికి కట్టే విలువ. మట్టికీ పెంకుకూ అంతే వస్తుంది మరి. ఆ డబ్బు ఎవరు తీసుకోవాలో తెలియక కొన్నాళ్ళు ఆగింది. తర్వాత పునరావాస కాలనీలో గుడికి ఒక జాగ, మసీదుకు ఒక జాగ ఇచ్చారు. పీరీల పెట్టె ముజావర్ ఇంట్లోకి చేరింది. అలావకు చోటు లేదు. ఎత్తుకునే ఇల్లు ఒక వీధికి, డప్పు కొట్టే ఇల్లు మరో కాలనీకి పోయాయి. ఎవరూ ఎవరినీ వెళ్ళగొట్టలేదు. దావా లేదు, గొడవ లేదు, పోలీసు లేదు. ఒక గడిలో పేరు లేనందుకు ఒక ఊరి పండుగ పోయింది. ఇది నాకు అయోధ్య కంటే దగ్గరి బాధ.

చట్టంలో చోటు లేక కాదు. 2013 భూసేకరణ చట్టం మూడో షెడ్యూలు పునరావాస గ్రామంలో ప్రార్థనా స్థలాలు, ప్రతి యాభై కుటుంబాలకు నలుగురూ కూర్చునే రచ్చకట్ట, ఆయా కులాల ఆచారాన్ని బట్టి శ్మశానాలు ఉండాలని చెబుతుంది. 2015 ఆగస్టు చివర ఇచ్చిన కేంద్ర ఉత్తర్వుతో ఆ పునరావాసం బొగ్గు భూముల చట్టం కింద తీసుకున్న ఊళ్ళకూ వచ్చింది. గెజిట్‌లో ఉన్న వక్ఫ్ అయితే అవార్డు ఇచ్చే ముందు బోర్డుకు నోటీసు ఇవ్వాలని వక్ఫ్ చట్టం 91వ సెక్షన్ చెబుతుంది. ఈ చోట్లన్నీ అడిగినవాళ్ళకే. అడగాలంటే ముందు మీకో పేరుండాలి. పరిహారంలో భాగం కోరగలిగినవాళ్ళనే బొగ్గు చట్టం సంబంధం ఉన్నవాళ్ళుగా చూస్తుంది. వాళ్ళ అభ్యంతరమే వింటుంది.

కాబట్టి గోదావరి ఈ ఒడ్డున, ఆ ఒడ్డున ఇంకా లేవని ఊళ్ళవాళ్ళకు నా విన్నపం. మీ కొట్టానికి, దర్గాకు, కలిసి మొక్కే చెట్టు గద్దెకు హిందువులూ ముస్లింలూ అందరూ ఉన్న ఒక కమిటీ వేసుకొని రిజిస్టరు చేయించండి. తాళం ఎవరిది, ఎత్తేది ఎవరు, గుంత తవ్వేది ఎవరు, సవారి ఏ వీధి గుండా ఎక్కడిదాకా పోతుందో ఇంటి పేర్లతో సహా రాయండి. గ్రామసభలో తీర్మానం చేయించి నకలు తీసుకోండి. గెజిట్‌లో ఉందో లేదో చూడండి. పాత పెళ్ళి ఆల్బముల్లో, పండుగ ఫొటోల్లో ఆ గది కనిపిస్తే జాగ్రత్త చేయండి. ఇది నాది అని రాయకండి, ఇక్కడ మేమందరం మొక్కుతాం అని రాయండి. విలువ కట్టేవాళ్ళు వచ్చినప్పుడు యజమాని గడిలో ఆ కమిటీ పేరు పడేదాకా పక్కనే నిలబడండి. ఇవన్నీ నోటిఫికేషన్‌కు ముందే కావాలి. 7వ సెక్షన్ నోటిఫికేషన్ పడ్డాక అభ్యంతరం చెప్పడానికి చట్టం ఇచ్చే గడువు పన్నెండేళ్ళు కాదు, 30 రోజులు.